జపాను కథకు వంత

బహ్రెయిన్‌లో ఉన్న మూడేళ్ళలో నేను జపాను భాష ఒక్క ముక్క రాకుండా నాలుగు జపాను సినిమాలు కంఠతా పట్టాను. వాటి కథలు నాకు చెప్పినాయనకూ ఆ భాష రాదు. ఆయన షట్టరింగ్ వడ్రంగి. కాంక్రీటు పోయడానికి ముందు చెక్కలతో అచ్చు కట్టే పని. ఊళ్ళో ఒగ్గు కథ చెప్పే ఇంట్లో పుట్టాడు. మల్లన్న కథ, బీరన్న కథ తాతల నాటి నుంచి ఆ ఇంటి ఆస్తి. ఈయన దాకా వచ్చేసరికి వినేవాళ్ళు తగ్గిపోయి, చేతికి సుత్తె వచ్చి, దుబాయి పోవాల్సి వచ్చింది. మావైపు గల్ఫులో ఏ దేశం పోయినా దుబాయే అంటారు. నేను బహ్రెయిన్‌లో ఉన్నన్నాళ్ళూ మా అమ్మ నన్ను దుబాయిలోనే ఉంచింది.

ఆయనను కాకా అని పిలిచేవాణ్ని. చుట్టం కాదు, పక్క మండలం మనిషి. అంత దూరం పోయాక పక్క మండలంవాడు సొంత చిన్నాయనతో సమానం. నేను పదో తరగతి పాసైనవాణ్ని కాబట్టి నాకు టైంకీపర్ పని ఇచ్చారు. పొద్దున బస్సు దిగగానే ఎవరు వచ్చారు, ఎవరు ఏ అంతస్తులో ఏ పనిలో ఉన్నారు అని రిజిస్టరులో రాయడం నా డ్యూటీ. రెక్కలు ముక్కలు చేసుకునేవాళ్ళ మధ్య పెన్ను పట్టుకుని తిరిగేవాణ్ని, నా కళ్ళు కొంచెం నెత్తిమీదే ఉండేవి. "సాబ్ వస్తుండు, జరుగుండ్రి" అని ఆటపట్టించేవాళ్ళు. నిజంగానే జరుగుతారేమో అని నేను చూసేవాణ్ని.

మా క్యాంపు నువైద్రాత్ పక్కన ఉండేది. పని జింజ్‌లో, నాలుగంతస్తుల ఫ్లాట్లు. శుక్రవారం సెలవు. పొద్దున్నే బట్టలుతుక్కుని, పది గంటలకల్లా హాల్లో టీవీ ముందు చేరేవాళ్ళం. నలభై మందికి ఒక టీవీ, ఒక వీసీఆర్. తెలుగు క్యాసెట్లన్నీ ఎన్నిసార్లు చూశామంటే, హీరో నోరు తెరవకముందే డైలాగు మేం చెప్పేసేవాళ్ళం.

అలాంటప్పుడు అవాలిలో ఒక ఇంటి పైకప్పు బాగుచేయడానికి మమ్మల్ని నలుగురిని పంపారు. ఆ ఇంట్లో అప్పటిదాకా ఉన్న జపాను ఇంజినీరు ఖాళీ చేసి స్వదేశం వెళ్ళిపోయాడు. వంటగదిలో ఒక అట్టపెట్టె వదిలిపోయాడు. అందులో నాలుగు వీడియో క్యాసెట్లు ఉన్నాయి. ఒకదాని అట్టమీద చొక్కా లేకుండా వెనక్కి తిరిగి నిల్చున్న మనిషి బొమ్మ. మెడ నుంచి నడుము దాకా వీపంతా పచ్చబొట్టే, అలలు, ఆ అలల్లోంచి పైకి లేస్తున్న పెద్ద చేప. కాపలా మనిషి పారేయమన్నాడు. మేం బస్సులో వేసుకుని వచ్చాం.

మొదటి శుక్రవారం ఆ చేప క్యాసెట్టే పెట్టాం. నల్ల సూట్లు, నల్ల కళ్ళద్దాలు, ఎవరో ఎవరికో వంగి వంగి దండం పెట్టడం. కింద అక్షరాలు కూడా లేవు. ఐదు నిమిషాలకే "తీసెయ్, తీసెయ్" అని గోల మొదలైంది.

"ఆగుండ్రి," అన్నాడు కాక వెనక నుంచి. "కథ నేను జెప్త. నాకొక వంత గావాలె."

ఒగ్గు కథలో ముఖ్యుడి పక్కన వంత ఉంటాడు. ఊఁ కొడతాడు, వినేవాళ్ళ తరఫున ప్రశ్న అడుగుతాడు, కథకుడు ఊపిరి పీల్చుకునేదాకా కథను కింద పడకుండా పట్టుకుంటాడు. కాక నా వైపు చెయ్యి చాపాడు. "సదువుకున్నోనివి, నువ్వు రా. సూసింది సూసినట్టు అడుగు. సోది వెట్టకు."

వెళ్ళి పక్కన కూర్చున్నాను. తెర మీద చాపలు పరిచిన పెద్ద గది. రెండు వరుసల్లో మనుషులు మోకాళ్ళ మీద కూర్చున్నారు. ఎవరూ కదలరు, దగ్గరు. ఒక ముసలి దొర ముందు తెల్ల గుడ్డ మీద ఒక్క చిన్న గిన్నె.

"కాకా, దొర గిన్నెలోది సగం తాగి ఆ పడుచువానికిచ్చిండు. వాడు మిగతాది తాగి, గిన్నెను కాగితంల చుట్టి అంగి లోపల పెట్టుకున్నడు. ఎందుకు?"

"మన కల్లు మండువ కాడ ఒక్క ముంతల తాగినోళ్ళు ఏమైతరు?"

"దోస్తులైతరు."

"గీడ తండ్రీ కొడుకులైతరు బిడ్డా. కన్న తండ్రి కంటె ఎక్కువ. గిన్నె అంగిల ఎందుకు వెట్టుకున్నడంటె, రేపెన్నడన్న మాట తప్పిండనుకో, గది గుండె కాడ సప్పుడు జేస్తది. ఊరంత నిద్రవోయినా వానికి ఇనవడ్తది."

"తీసెయ్" అన్నవాళ్ళే ముందుకు జరిగి కూర్చున్నారు. అబద్ధమెందుకు, ఆనాటి దాకా నేను కాకను చదువురాని ముసలాయన అనే అనుకున్నాను.

వీపు మీద పచ్చబొట్టు గురించి అడిగాను. "గది అంగి కింద అంగి. పైది ఇడువొచ్చు. లోపలిది ఇడువరాదు. తోలు పోతెనే పోతది," అన్నాడు. చొక్కా విప్పిన ఆ మనుషులు అంతసేపూ మాకు రౌడీలు. ఆ మాటతో వాళ్ళ మీద ఒకరకమైన భక్తి పుట్టింది. చంపుకునేవాళ్ళే, సందేహం లేదు. కానీ చంపడానికి ముందు చెప్పులు విడిచి, సరిగ్గా జతచేసి గుమ్మం దగ్గర పెట్టేవాళ్ళు. దొర గదిలోకి వస్తే నలభై తలకాయలు ఒక్కసారి చాపకు ఆనేవి. మా హాల్లోనూ నలభై మందిమి.

కథ ముదిరింది. గిన్నె అందుకున్న పడుచువాడు, పగవాళ్ళు బెదిరిస్తే, దొర దాక్కున్న ఇల్లు చూపించేశాడు. దొర ఎలాగో బతికి బయటపడ్డాడు. పడుచువాడు తిరిగొచ్చి మోకాళ్ళ మీద కూర్చున్నాడు. చాప మీద పీట వేసి, చెయ్యి దాని మీద పెట్టి, కత్తి దించాడు. మాలో సగం మంది మొహం తిప్పుకున్నారు.

"ఏలు తెంపుకున్నడు కాకా!"

"ఎన్నో ఏలు?"

"చిటికెన వేలు. కొస కణుపు."

కాక తన కుడిచెయ్యి పైకెత్తాడు. లేని సుత్తెను పట్టుకున్నట్టు పిడికిలి బిగించాడు. "సుత్తె పట్టు యాడుంటదో ఎరుకేనా? బొటనేలు కాడ అనుకుంటరు అందరు. కాదు. చిటికెనేలు కాడ ఉంటది. గది లేకుంటె సుత్తె జారుతది. కత్తైనా గంతే. గిప్పటి సంది గీనికి సొంత బలం లేదు. దొర సాదితెనే బతుకు. గది ఏలు గాదు, పట్టు. తన పట్టు తీసి దొర ముంగట వెట్టిండు."

హాల్లో ఉన్న వడ్రంగులందరూ పిడికిళ్ళు బిగించి, చిటికెన వేలు వదిలి, మళ్ళీ బిగించి చూసుకున్నారు. నేను కూడా పెన్ను పట్టుకునే చేత్తో చూసుకున్నాను. చాలా ఏళ్ళ తర్వాత ఎక్కడో చదివాను, జపానులో ఆ ఆచారం గురించి సరిగ్గా ఇదే చెబుతారట, కత్తి పట్టు చిటికెన వేలిలో ఉంటుందని. సముద్రం ఇవతల ఒక మనిషి సుత్తెను అడిగి జపాను రహస్యం తెలుసుకున్నాడు.

పడుచువాడు వేలిని గుడ్డలో మూటకట్టి దొర ముందుకు జరిపాడు. ఆ తర్వాత తెర మీద దొర కనపడడు. బయట తోట, రాతి మీద వాన. మళ్ళీ గది చూపించేసరికి మూట లేదు.

"దొర మూటను ఏం జేసిండు కాకా?"

"కాలితోని నూకేసిండు. మాట తప్పినోని నెత్తురు దొర అంటుకోడు," అన్నాడు కాక. అందరూ సబబే అన్నారు. నేనూ గట్టిగా ఊఁ కొట్టాను.

రెండో శుక్రవారం నాకు కోతి బుద్ధి పుట్టింది. కాకను ఇరుకున పెట్టాలని, తెర మీద ఇద్దరు మగవాళ్ళు కారులో పోతుంటే, "కాకా, ఆ ఎర్ర చీర ఆమె ఎందుకు ఏడుస్తంది?" అని అడిగాను. కాక తడుముకోలేదు. "మొగడు గీ లోకంల ఉన్నడో లేడో ఎరుకలేక," అన్నాడు, ఆమె దుఃఖం గురించి నాలుగు మాటలు చక్కగా చెప్పాడు. జనం వేళాకోళం అనుకుని పగలబడి నవ్వారు. నేను మాత్రం పక్కకు తిరిగి చూశాను. కాక మొహం టీవీ వైపు లేదు, ఒక జానెడు పక్కకు ఉంది. నా ప్రశ్నలే ఆయన కళ్ళు. సూసింది సూసినట్టు అడుగు అన్నది అందుకే.

సినిమా అయ్యాక బట్టలుతికే రాళ్ళ దగ్గర కూర్చున్నాం. చేతిలో మెస్సు చాయ్ గ్లాసు. నేను అడగకముందే చెప్పాడు.

"యాడాదాయె బిడ్డా. నడుమ మబ్బు వట్టింది. పక్కలకు కనవడ్తది, నడుస్త, మనుసుల పోల్చుకుంట. మొల తలకాయ కనవడది. ఏలుతోని తడిమి కొడ్త." ఎడమ బొటనవేలు చూపించాడు. గోరు నల్లగా కమిలిపోయి ఉంది. "ఊళ్ళె నా ఇల్లు లెంటల్ కాడ ఆగింది. మందికి ఎన్ని స్లాబులేసిన్నో లెక్కలేదు, నా ఇంటికి వడలే. ఇంకొక్క కాంట్రాక్టు, రెండేండ్లు. కంపెనోళ్ళకు తెలిస్తె ఖలాస్, రేపే ఇమానం. నీ నోట్ల నువ్వుగింజ నానుతదా?"

"నానుతది కాకా."

సగం తాగిన గ్లాసు నా చేతికిచ్చాడు. తాగాను. ఇద్దరికీ ఒక్కసారే నవ్వొచ్చింది. గ్లాసు మెస్సుది కాబట్టి అంగిలో పెట్టుకోలేదు.

ఆనాటి నుంచి నేను ఫోర్‌మన్‌ను బతిమాలి కాకకు కింద పని వేయించాను. వాడిన చెక్కల్లోంచి మొలలు పీకడం, చెక్కలు సైజు ప్రకారం పేర్చడం. రోజూ రిజిస్టరులో ఆయన పేరు ఎదుట "కింద" అని రాసేవాణ్ని. శుక్రవారాల్లో ఆయన పక్కన కూర్చుని చూసేవాణ్ని, అడిగేవాణ్ని. నాలుగు క్యాసెట్లూ మళ్ళీ మళ్ళీ వేశాం. ఎన్నిసార్లు చెప్పినా కాకకు కొత్త మాట దొరికేది. కనపడనివాడు చూపిస్తుంటే కళ్ళున్నవాళ్ళం నోరు తెరుచుకుని చూసేవాళ్ళం. ఆ గుట్టు తెలిసినవాణ్ని నేనొక్కణ్నే కాబట్టి, ఆ హాల్లో అందరికంటే ఎక్కువ ఆశ్చర్యం నాకే దక్కింది. అంత సంతోషంగా నేను మళ్ళీ ఎక్కడా కూర్చోలేదు.

ఎండాకాలం మధ్యలో ఇద్దరు వడ్రంగులు జ్వరంతో క్యాంపులో ఉండిపోయారు. మూడో అంతస్తు స్లాబు పోయాలి. ఫోర్‌మన్ కాకను పైకి తీసుకుపోయాడు. నిచ్చెన ఎక్కుతుంటే నేను చూశాను. చూసి కూడా, చేతికి అలవాటైపోయి, "కింద" అనే రాశాను.

మర్నాడు కాంక్రీటు పోస్తుంటే ఒక మూల కుంగింది. చెక్కల కింద ఆనించిన ఇనుప జాకీలో పిన్ను సరిగ్గా దూరలేదు. చెక్కలు విరిగి కాంక్రీటంతా కింది అంతస్తులో పడింది. అది చాయ్ వేళ, కింద ఎవరూ లేరు.

ఇంజినీరు నన్ను కేబిన్‌లోకి పిలిచాడు. చెడ్డవాడేం కాదు. రిజిస్టరు తెరిచి నా ముందు పెట్టాడు. ఆ మూల కట్టింది ఫలానా మనిషి అని అందరూ అంటున్నారు, నీ రిజిస్టరులో మాత్రం ఆ మనిషి కింద ఉన్నాడు, అబద్ధం చెప్పేది వాళ్ళా నువ్వా అని హిందీలో అడిగాడు. తప్పుడు రిజిస్టరు రాసేవాడు నాకెందుకు, నువ్వు కూడా పోతావు అన్నాడు. కేబిన్‌లో ఏసీ చల్లగా తిరుగుతోంది. బయట మావాళ్ళు విరిగిన చెక్కలు మోస్తున్నారు.

"ఉస్కో దిఖ్తా నహీ సాబ్," అన్నాను. ఆయనకు కళ్ళు కనపడవు, అందుకే రోజూ కింద రాస్తున్నాను, అదే అలవాటులో నిన్న కూడా రాశాను అన్నాను. నువ్వుగింజ నానలేదు.

చెప్పడం న్యాయమే కదా అని నాతో నేను ఇప్పటికీ వాదిస్తుంటాను. ఆ మూల కింద మనిషి ఉండి ఉంటే? నిజానికి చాలా ముందే చెప్పాల్సింది. కానీ నేను చెప్పింది ఆ మనిషి కోసం కాదు. నా కుర్చీ కోసం. అది నాకు తెలుసు. వారం తిరక్కుండానే నా బల్ల కేబిన్‌లోకి మార్చారు. నేను వద్దనలేదు.

కాకను కంటి పరీక్షకు తీసుకుపోయారు. నరం చెడిపోయింది, ఇక బాగుపడదు అన్నారట. పది రోజుల్లో టికెట్ వచ్చింది. క్యాంపులో ఒకటే మాట, కంపెనీకి చెప్పిందెవడు? కాకకు చూపు లేదన్నదే ఎవరికీ తెలియదు, మరి ఇంజినీరుకు ఎలా తెలిసింది? అనుమానం వంటాయన మీదికి పోయింది. గోదావరి జిల్లా మనిషి, క్యాంపులో ఉన్న ఒకే ఒక్క ఆంధ్రా ఆయన. రోజూ ఇంజినీరుకు చాయ్ తీసుకుపోయేది ఆయనే, గ్లాసు పక్కన పోసుకునే కాకను చూసి ఉండొచ్చు. "నాకేటీ తెలీదండి బాబూ, మా పిల్లల మీద ఒట్టు," అని ఆయన ఎంత మొత్తుకున్నా ఎవరూ వినలేదు. ఆయన వడ్డిస్తే పళ్ళెం జరిపేవాళ్ళు. "జపాన్ల అయితె వీని ఏలు తెంపుదురు," అన్నాడొకడు. నేను తేలు కుట్టిన దొంగలా తల వంచుకుని అన్నం తిన్నాను.

కాక నన్ను ఏమీ అడగలేదు. ఆయన రహస్యం తెలిసింది ఈ భూమి మీద నా ఒక్కడికే. ఇంకొకణ్ని అనుమానించే వీలు కూడా ఆయనకు లేదు.

చివరి శుక్రవారం కాకే అడిగాడు, చేప క్యాసెట్టు పెట్టమని. హాలు నిండింది. వంటాయన లోపలికి రాకుండా గుమ్మం దగ్గర కూర్చున్నాడు. కాక ఈసారి నా భుజం పట్టుకుని నడిచొచ్చి, ఎప్పటిలాగే పక్కన కూర్చున్నాడు. ఎంత ప్రేమ అనుకున్నారు చూసినవాళ్ళు.

గిన్నె కనపడగానే నేను చూపు పక్కకు తిప్పుకున్నాను. కాక నా ప్రశ్న కోసం ఆగలేదు, తనే చెప్పుకుంటూ పోయాడు. పచ్చబొట్లు, చెప్పుల జతలు, దొర రాగానే చాపకు ఆనే తలకాయలు, ఒక్కటీ వదలకుండా. పడుచువాడు వచ్చి మోకాళ్ళ మీద కూర్చున్నాడు. కత్తి దిగింది. మూట ముందుకు జరిగింది. తోట, రాతి మీద వాన.

కాక ఆగాడు. అక్కడ ప్రశ్న వంతదే.

"అడుగు వారీ," అన్నాడెవరో వెనక నుంచి.

"కాకా," అన్నాను. "దొర మూటను ఏం జేసిండు?"

కాక మొహం నా వైపు తిప్పాడు. నన్ను చూడాలంటే నాకు జానెడు పక్కకు చూడాలి. అలాగే చూశాడు.

"మూట ఇప్పిండు. ఏలు తీసి వాని సేతిల వెట్టిండు. బిడ్డా, నీ ఏలు నీకాడనే ఉండనీ, నీకు రాసుడు పని ఉన్నది అన్నడు."

"అయ్యో కాకా, పోయినసారి కాలితోని నూకిండు అంటివి గదా!" అని నలుగురు ఒక్కసారే అరిచారు.

"పోయినసారి నాకు సక్కగ కనవడలే," అన్నాడు కాక.

హాలంతా నవ్వు, కళ్ళల్లో నీళ్ళు వచ్చేదాకా నవ్వు. ఆ నవ్వులోనే కాక గుమ్మం వైపు గొంతెత్తాడు. "వంటాయనా, నాకింత చాయ్ తే. ఓ వారీ, అందరు ఇనుండ్రి. గాయనను సతాయించకుండ్రి. ఇంజినీరుకు చెప్పుకున్నది నేనే. మూల కూలినంక ఇగ మనుసుల పానాలతోని ఆడుకోవద్దనిపిచ్చింది."

పళ్ళెం జరిపినవాళ్ళు లేచి వంటాయనకు చోటిచ్చారు. కాదు, నేను చెప్పాను అనడానికి నేను నోరు తెరిచాను. నా నోట్లోంచి వంతవాడి మాట ఒక్కటే వచ్చింది.

"ఊఁ."

ఆ సినిమాల్లో గొప్పగా చచ్చిపోయిన మనుషులను ఎంతమందినో చూశాను. దొర కోసం గుండ్లకు ఎదురుపోయినవాళ్ళను, వాన నీళ్ళలో నెత్తురు కలుస్తుంటే దండం పెట్టి పడిపోయినవాళ్ళను. వాళ్ళెవరూ నా పక్కన కూర్చుని చాయ్ తాగిన ఆ మనిషి అంత ఎత్తు లేరు. ఇంటి ఆశ పోయింది, చూపు పోయింది. పట్టు మాత్రం తీసి నా చేతిలో పెట్టాడు.

మర్నాడు పొద్దున విమానాశ్రయానికి పోయే వ్యానులో నేనే ఎక్కించాను. మెట్టు దగ్గర కాలు తడబడితే చెయ్యి పట్టుకున్నాను. "పైలం బిడ్డా," అని నాకే జాగ్రత్త చెప్పాడు. అంతే.

వ్యాను పోయాక సైటుకు వెళ్ళి రిజిస్టరు తెరిచాను. ఆయన పేరు ఎదుట పైకో కిందకో రాయడానికి ఇక ఏమీ లేదు. చివరి గడిలో ఖలాస్ అని రాయాలి. అది నా డ్యూటీ. రాశాను. రాసిన చేతికి ఐదు వేళ్ళూ ఉన్నాయి.